డబ్బు తెచ్చినవాడికి తలుపు తెరవండి

మా వీధిలో చిన్న ప్రింటింగ్ ప్రెస్ నడుపుకునే అన్నకి తోడుగా నేనూ బ్యాంకుకి వెళ్లాను. ఆయన చేతిలో ప్లాస్టిక్ కవరు, అందులో డీడీ. వదిన గాజులు, తమ్ముడి ఇంటిస్థలం అమ్మగా వచ్చిన సొమ్ము. వడ్డీతో సహా బాకీ మొత్తం. ఆఫీసరు కవరు ముట్టుకోలేదు. "వేలం ప్రకటన నిన్ననే పేపర్లో పడిందండీ, ఇక మా చేతిలో లేదు" అన్నాడు. బయటికొచ్చి అన్న మెట్ల మీదే కూలబడ్డాడు.

అప్పు ఎగ్గొట్టేవాణ్ని నేను వెనకేసుకు రావడం లేదు. బ్యాంకులో ఉన్నది జనం డిపాజిట్లు. పైసాతో సహా తిరిగి రావాల్సిందే. మరి ఆ పైసలే గుమ్మం దాకా నడిచొస్తే తలుపెందుకు మూస్తున్నారు?

2002 నాటి సర్ఫేసి చట్టం కోర్టు మెట్లెక్కకుండానే తాకట్టు ఆస్తి అమ్ముకునే అధికారం బ్యాంకులకిచ్చింది. 90 రోజులు దాటి బకాయి పడితే ఖాతా మొండి బాకీ (ఎన్‌పీఏ). ఆపైన 60 రోజుల నోటీసు, ఆపైన స్వాధీనం. అయినా అమ్మకం తేదీకి ముందు ఎప్పుడు బాకీ కట్టినా ఆస్తి విడిపించుకునే హక్కు అప్పట్లో ఉండేది. 2016 సవరణ ఆ హక్కును వేలం నోటీసు ప్రచురణ దగ్గరే తెంచేసింది. 2023లో బాఫ్నా మోటార్స్ కేసులో సుప్రీంకోర్టు దాన్నే ఖాయం చేసి, బాకీ కట్టి ఆస్తి విడిపించుకోనిచ్చిన బొంబాయి హైకోర్టు ఉత్తర్వును కొట్టేసింది.

వేలంలో పాడుకున్నవాడి గతేమిటని అడుగుతారు. 1908 సివిల్ ప్రొసీజర్ కోడ్ తెరిచి చూడండి. కోర్టు వేలం ముగిశాక కూడా గడువులోగా బాకీ సొమ్ము, పాటదారుకి కొన్న ధరలో 5 శాతం పరిహారం జమచేస్తే అమ్మకం రద్దవుతుంది. ఎవరికీ నష్టం లేదు. తెల్లవాళ్ల ఏలుబడిలో చట్టానికి తోచిన ఈ న్యాయం మన పార్లమెంటుకి తోచలేదా?

అప్పుల వసూలు ట్రిబ్యునల్ (డీఆర్‌టీ) ఉంది కదా అంటారు. అక్కడ ఓడి అప్పీలుకెళితే బాకీలో సగం, మహా తగ్గిస్తే పావు వంతు ముందే కట్టాలి. ఇల్లు పోతున్నవాడు ఎక్కణ్నుంచి తెస్తాడు? హైకోర్టుకెళితే ట్రిబ్యునల్‌కే పొమ్మంటున్నారు. కేసు వినాలంటే ముందు 75 శాతం కట్టాలన్న నిబంధనను 2004లో మార్డియా కెమికల్స్ కేసులో సుప్రీంకోర్టే కొట్టేసింది. ఆ న్యాయదృష్టి ఇప్పుడేమైంది?

సర్ఫేసి చట్టంలో ఆస్తి విడిపించుకునే హక్కు గురించి చెప్పే 13(8) సెక్షన్‌ను 2016కి ముందున్నట్టు మార్చండి. పాటదారుకి పరిహారం ఇప్పించండి. కొంత ముందుగా కట్టి మిగతాది వాయిదాల్లో తీరుస్తానని నిజాయితీగా వచ్చినవాడికి గడువిచ్చే అధికారం కోర్టులకి ఉండనివ్వండి. మా అన్న బాకీ మాఫీ చెయ్యమనలేదు, వడ్డీ తగ్గించమనలేదు. డబ్బు తీసుకుని రసీదు ఇమ్మన్నాడు, అంతే.