ఆ మాట ఎవరి నోట విన్నారు?

అన్న పెళ్లికి కొత్త షేర్వానీ కుట్టించుకున్న కుర్రాడి ఫోన్‌కు ఓ హదీసు వస్తుంది. విలాసాల జోలికి పోవద్దనీ, అల్లాహ్ దాసులు భోగలాలసులు కారనీ. కింద గ్రంథం పేరుండదు, ఉల్లేఖకుడి పేరుండదు. వాడు సిగ్గుతో తలొంచుకుంటాడు, లేదా నవ్వేసి డిలీట్ చేస్తాడు. రెండూ తొందరపాటే. ఆ మాట ఎక్కడిదని అడగండి!

ఆ హదీసునే పట్టుకుందాం. సహచరుడు ముఆజ్ (రజి)ను యెమెన్‌కు పంపుతూ ప్రవక్త (స) చెప్పిన మాటగా అది ముస్నద్ అహ్మద్ అనే హదీసు గ్రంథంలో ఉంది. దాని ఉల్లేఖకుల పరంపరలో బఖియ్యా బిన్ వలీద్ ఉన్నారు. అబద్ధాలకోరు కాదు. కానీ తనకు చెప్పిన మనిషి బలహీనుడైతే ఆ పేరు దాటేసి, పైవారి పేరు చెప్పే అలవాటుందని హదీసువేత్తలు పట్టేశారు. అందుకే ఆయన ‘విన్నాను’ అన్నారా, ఊరికే ‘ఫలానావారి నుంచి’ అన్నారా అని ఒక్కో మాటా తూచారు. ఇంత తూచాక కూడా దీన్ని ఒప్పుకున్న పండితులున్నారు. ఒక్క వాక్యం వెనక ఇంత పనుంది మరి!

బఖియ్యా సంగతులు చెప్పే, హదీసువేత్త ఇబ్న్ హజర్ గ్రంథం ‘తహ్జీబుత్ తహ్జీబ్’ 12 సంపుటాలుగా ఎక్కడ అచ్చయిందనుకున్నారు? మన హైదరాబాద్‌లో, 1888లో పుట్టిన దాయిరతుల్ మఆరిఫ్ ప్రచురణ సంస్థలో. ఎక్కడెక్కడి పండితులో మన ఊరి అచ్చు ముందేసుకుని ఉల్లేఖకులను తూచారు. మనమేమో ఫార్వర్డ్ చూసి పక్కవాడి బట్టలు తూస్తున్నాం.

మంచి బట్టలు, మంచి చెప్పులు ఇష్టపడటం అహంకారమా అని ఒకరికి సందేహమొచ్చింది. అల్లాహ్ అందాన్ని ప్రేమిస్తాడనీ, సత్యాన్ని తోసిపుచ్చడం, మనుషుల్ని చిన్నచూపు చూడటమే అహంకారమనీ ప్రవక్త (స) బదులిచ్చారు. సహీహ్ ముస్లింలో ఉంది. అప్పుడే సంబరపడకండి! మగవారికి పట్టు వద్దన్న హదీసులు బుఖారీ, ముస్లిం రెండింటిలోనూ ఉన్నాయి. దురదతో బాధపడిన సహచరులు అబ్దుర్రహ్మాన్ బిన్ ఔఫ్, జుబైర్‌లకు ప్రవక్త (స) పట్టు తొడుక్కోనిచ్చిన ఉదంతమూ వాటిలోనే ఉంది. మీ బ్రాండెడ్ బూట్లకు అడ్డొచ్చిన హదీసే ‘జయీఫ్’ (బలహీనం) అయిపోతుంటే, అది పరిశీలన కాదు, బేరం. నచ్చిన మాటనూ అంతే గట్టిగా నిలదీయండి. తలపాగా కట్టి చేసే నమాజుకు 25 రెట్ల పుణ్యమన్న మాట చెవికి ఎంత ఇంపుగా ఉంది! ఇబ్న్ హజర్ దాన్ని కల్పితమని తేల్చేశారు.

వచ్చే శుక్రవారం ఇలాంటిదే మళ్లీ ఫోన్‌లోకి వస్తుంది. పంపింది పెద్దవారైతే ముందు సలాం చెప్పి మర్యాదగా అడగండి: ఏ గ్రంథం, ఎన్నో హదీసు, సహీహ్ (ప్రామాణికం) అన్నదెవరు? అరబీ రాకపోతే ఆలిమ్ (ధర్మపండితుడు) దగ్గర కూర్చుని చదివించుకోండి. జవాబు దొరికేదాకా ఇంకొకరికి పంపకండి.