కట్లపాము చెప్పిన సాక్ష్యం

మొన్న ఆదివారం మా వీధిలో ఒకామె కోడలు కాన్పయి ఇంటికొచ్చిందంటే చూసి వద్దామని వెళ్లాను. రెండో కాన్పు. మళ్లీ ఆడపిల్లే. పిల్ల బంగారు బొమ్మలా ఉంది, నిద్రలో నవ్వుతోంది కూడా. ఆ ఇంట్లో ఇంకెవరి మొహంలోనూ నవ్వు లేదు. బాలింత గోడవైపు తిరిగి పడుకుంది. వసారాలో కూర్చున్న అత్తగారు, "ఏం చేస్తాం మే, దాని కడుపు అట్టాంటిది" అంది. "వాళ్లమ్మకీ ముగ్గురూ ఆడపిల్లలే గదా" అని పక్కింటామె అందుకుంది.

నాకు ప్రాణం చివుక్కుమంది. ఇరవై ఏళ్ల కిందట ఈ మాటే నేనూ పడ్డాను. మా రెండో అమ్మాయి పుట్టినప్పుడు మా అత్తగారు మూడు రోజులు నాతో మాట్లాడలేదు. అంతకు ముందే రొట్టెల పండక్కి మైపాడు నుంచి నెల్లూరు వెళ్లి, స్వర్ణాల చెరువులో దిగి, మనవడు కావాలని సంతానం రొట్టె పట్టుకుని వచ్చింది పాపం. ఆమెని ఇప్పుడేమీ అనను, ఆమెకి తెలిసింది అంతే. ఇంటర్లో బైపీసీ చదివి, ఎక్స్, వై అని పరీక్షలో గడగడా రాసి మార్కులు తెచ్చుకున్న నేను కూడా ఆ రోజు నోరు మెదపలేదు. చదివింది పరీక్షకే గానీ సంసారానికి పనికొస్తుందని తట్టలేదు.

అందుకని ఈ వారం పచ్చళ్ల సంగతి పక్కన పెట్టి, మా చిన్నమ్మాయి నాకు చెప్పిన ఒక శాస్త్రవేత్త కథ మీకు చెబుతాను. ఆయన పేరు లాల్జీ సింగ్. మనవాడు కాదు, ఉత్తరప్రదేశ్‌లో జౌన్‌పూర్ జిల్లా కల్వారీ అనే పల్లెటూళ్లో 1947 జులై 5న రైతు కుటుంబంలో పుట్టాడు. కానీ పేరొచ్చిన పనంతా హైదరాబాదులో చేశాడు కాబట్టి సగం మనవాడే అనుకోవచ్చు.

కాశీ హిందూ విశ్వవిద్యాలయంలో చదివి, 1971లో డాక్టరేటు పుచ్చుకున్నాడు. దేనిమీద అనుకున్నారు? పాముల క్రోమోజోముల మీద! క్రోమోజోములంటే మన ఒంట్లో దాదాపు ప్రతి కణంలోనూ ఉండే సన్నని పోగులు. అమ్మా నాన్నల పోలికలన్నీ వాటిలోనే ఉంటాయి. ఆ తర్వాత 1974లో స్కాట్లాండులోని ఎడిన్‌బరో వెళ్లి, అక్కడ చాలా ఏళ్లు ఇదే పని. పసుపు, నలుపు పట్టీలుండే ఒక జాతి కట్లపాము ఉంది. ఆడపాములో మాత్రమే ఉండే ఒక పోగు మీద కొన్ని అక్షరాలు మళ్లీ మళ్లీ, జపమాల తిప్పినట్టు, రాసి ఉండటం ఆయనా, ఆయన తోటివాళ్లూ గమనించి 1980లో ప్రకటించారు.

పాముని చూస్తే కర్ర వెతుక్కునే వాళ్లం మనం. దాంట్లో ఏం రాసి ఉంటే మనకెందుకు అనిపిస్తుంది. అక్కడే ఉంది తమాషా. చాలా పాముల్లో ఆడో మగో తేల్చేది తల్లిపాము ఇచ్చే పోగు. మనుషుల్లో తేల్చేది తండ్రి ఇచ్చే పోగు. ఇది ఆయన కనిపెట్టింది కాదులెండి, అంతకు చాలా ముందే, 1905లో, అమెరికాలో నెట్టీ స్టీవెన్స్ అనే ఆవిడ ఆడా మగా తేడా ఈ పోగుల్లోనే ఉందని చూపించింది. ఆవిడ చూసింది దేన్లోనో తెలుసా, పిండిపురుగులో! మనం జల్లెడ పట్టి పారబోసే పురుగుని ఆవిడ భూతద్దం కింద పెట్టి కూర్చుంది. ఒకప్పుడు బడిపంతులమ్మగా పనిచేసిన మనిషి.

లాల్జీ సింగ్‌ను 1987లో పి.ఎం.భార్గవ గారు హైదరాబాదుకి పిలిపించారు. ఉప్పల్ రోడ్డులో సీసీఎంబీ అని పెద్ద పరిశోధన సంస్థ ఉంది, దానికి ఆయన అప్పటి డైరెక్టరు. ఇక్కడికొచ్చాక ఆ కట్లపాము అక్షరాలనే పట్టుకుని మనుషుల్లో వెతికితే, ఒక్కో మనిషికీ ఒక్కో రకంగా చారలు కనిపించాయి. వెంకటగిరి చీర అంచు మీద అడ్డగీతలున్నట్టు ఊహించుకోండి. ఒకరి గీతలు ఇంకొకరికి ఉండవు, ఒకే పోలిక కవలలకి తప్ప. బిడ్డ గీతల్లో కొన్ని అమ్మవి, మిగిలినవన్నీ నాన్నవే అయి తీరాలి. అమ్మవి తీసేసి మిగిలిన గీతలు ఎవరితో కలుస్తాయో చూస్తే తండ్రెవరో తెలిసిపోతుంది. దీన్నే డీఎన్ఏ వేలిముద్ర అంటారు. ఇంగ్లండులో అలెక్ జెఫ్రీస్ అనే ఆయన 1984లో తనదైన దారిలో కనుక్కున్నాడు. మన దేశంలో దాన్ని నిలబెట్టింది లాల్జీ సింగే.

ఇప్పుడు అసలు సంగతి. 1989లో కేరళలో, తలస్సేరి కోర్టులో ఒక కేసు. ఒకామె, ఈ బిడ్డకి తండ్రి ఫలానా అతను అంది. అతను కాదన్నాడు. ఆమె మాటకి సాక్ష్యం ఎవరు చెబుతారు? భారతంలో శకుంతలకి ఆకాశవాణి పలికింది. కాళిదాసు కథలో ఉంగరం, దాన్ని మింగిన చేప, ఆ చేపని పట్టిన జాలరి ఉన్నాడు. మా సముద్రం ఒడ్డున రోజూ ఎన్ని చేపలు కోస్తామో, ఎవరి ఉంగరమూ దొరకలేదు! ఆ కేరళ అమ్మాయికి మాత్రం కట్లపాము సాక్ష్యం చెప్పింది. తల్లి, బిడ్డ, ఆ మనిషి, ముగ్గురి రక్తం హైదరాబాదుకొచ్చింది. గీతలు కలిశాయి. లాల్జీ సింగ్ స్వయంగా కోర్టుకెళ్లి సాక్షిగా నిలబడి, ఈ గీతలేమిటో, వాటినెందుకు నమ్మాలో విడమరిచి చెప్పాడు. మన దేశంలో కోర్టు మెట్లెక్కిన మొదటి డీఎన్ఏ సాక్ష్యం అదే. 1991లో కేరళ హైకోర్టు కూడా సరే అంది.

సైన్సుని పదిమందికీ చెప్పడమంటే ఉపన్యాసాలూ పుస్తకాలూ అనుకుంటాం గానీ, నన్నడిగితే ఆ రోజు సాక్షి బోనులో చెప్పిందే గొప్ప పాఠం. ఢిల్లీలో 1995లో ఒక భర్త భార్యని చంపి తందూరు పొయ్యిలో కాల్చిన ఘోరం మీకు గుర్తుండే ఉంటుంది. ఆ కాలిన శరీరం ఎవరిదో ఆమె కన్నవాళ్ల రక్తంతో పోల్చి తేల్చింది కూడా ఈ హైదరాబాదు వాళ్లే.

తర్వాత ఆయన 1998 నుంచి 2009 దాకా సీసీఎంబీకి డైరెక్టరయ్యాడు. తను చదివిన కాశీ విశ్వవిద్యాలయానికే 2011లో వైస్ ఛాన్సలరై, జీతం ఒక్క రూపాయి తీసుకున్నాడు. పల్లెల్లో పేదవాళ్లకి వంశపారంపర్య జబ్బుల పరీక్షలు అందాలని జీనోమ్ ఫౌండేషన్ పెట్టాడు. 2017 డిసెంబరు 10న కాశీలోనే గుండెపోటుతో పోయాడు.

అయితే ఒక మాట. ఏ కత్తి అయినా కూరలూ కోస్తుంది, వేలూ కోస్తుంది. భార్య మీద ఊరికే అనుమానపడి పరీక్ష చేయించమనే మగవాళ్లూ ఉంటారు. అడిగిందే తడవుగా రక్తపరీక్షకి ఆదేశాలివ్వకూడదని 1993లోనే సుప్రీంకోర్టు చెప్పింది, మంచిపని చేసింది. కడుపులో ఉన్నది ఆడా మగా అని స్కానింగులో చెప్పడం నేరమని 1994లో చట్టమూ వచ్చింది. ఇవి తెలిసి ఉండటం మంచిది.

ఆ వసారాలో నేనీ కథంతా చెప్పలేదు గానీ, ఈసారి ఊరుకోలేదు. చేతి గాజులు తీసి చాప మీద పెట్టాను. "అమ్మ దగ్గర రెండూ ఎర్ర గాజులే అక్కా. నాన్న దగ్గర ఒకటి ఎరుపు, ఒకటి పచ్చ. అమ్మ ఏదిచ్చినా ఎరుపే. నాన్న నుంచి ఎరుపొస్తే ఆడపిల్ల, పచ్చ వస్తే మగపిల్లాడు. మీ కోడలి దగ్గర పచ్చ గాజే లేదు, ఎక్కణ్ణుంచి తెస్తుంది?" అన్నాను.

ఆమె కాసేపు గాజుల వంకే చూసింది. "అయితే మా వాడిదా తప్పు?" అంది కాస్త కోపంగా.

"వాడేమన్నా ఏరి ఇస్తాడా? ఏది చేతికొస్తే అది" అన్నాను. "ఆడదాని నుంచి తేలేది పాముల్లో."

లోపలి గదిలో గోడవైపు తిరిగున్న కోడలు ఇటు తిరిగింది. అత్తగారు లేచి పిల్లని ఎత్తుకుంటూ, "అట్టయితే ఇంకమీదట పాముల్ని తిట్టుకుందాంలే మే" అంది.