రాతి మీద అడుగులు

పిల్లలూ, జగిత్యాల, కోరుట్ల ప్రాంతాలలో గుట్ట ఎక్కితే, బండమీద ఎక్కడో ఒకచోట గుంట కనిపిస్తుంది. చూడబోతే అది పెద్ద పాదంలాగే వుంటుంది. "భీముడి అడుగు" అంటారు తాతయ్యలు. సినిమాలు చూసిన మనమలు "కాదు, డైనోసారుది" అంటారు. ఈ పందెంలో గెలిచిందెవరు? ఎవరూ గెలవలేదు!

ఆ బండలు భూమి లోపల, విపరీతమైన వేడిలో తయారైనవి. వాటి వయస్సు సుమారు 250 కోట్ల ఏళ్ళు. డైనోసార్లు పుట్టి 23 కోట్ల ఏళ్ళే అయింది. అప్పటికే అవి గట్టి రాళ్ళు. ఎంత బరువైన జంతువు తొక్కినా అడుగు పడదు. వాన నీరు నిలిచి నిలిచి, రాయి రవ్వలు రవ్వలుగా వూడి, అలా గుంటలు పడతాయి.

మరి అడుగు దేనిలో పడుతుంది? సిరిసిల్ల పిల్లల నడగండి. మానేరు ఒడ్డున బురదలో బర్రె నడిస్తే గిట్టలు దిగబడతాయి. ఎండకు బురద గట్టిపడుతుంది. తరువాత నీరు మెల్లగా వచ్చి దానిపై ఇసుక కప్పితే, అడుగు చెరగకుండా దాగిపోతుంది. పైన పొరమీద పొర పేరుకుని, లక్షల ఏళ్ళకు అంతా రాయి అవుతుంది. డైనోసార్ల అడుగులు మిగిలినదీ ఇలాగే.

ఆ మానేరు వెంటనే తూర్పుగా పోతే మంథని వైపున గోదావరి వస్తుంది. అక్కడి రాళ్ళు వేరు; ఇసుకా బురదా పేరుకుని ఏర్పడిన పొరరాళ్ళు. ఇంకా దిగువన, ప్రాణహిత కలిసే చోటికి ఆవల, సిరోంచా తాలూకాలో పోచంపల్లి అనే వూరుంది. 1958 మొదలుకొని కలకత్తాలోని ఇండియన్ స్టాటిస్టికల్ ఇన్‌స్టిట్యూట్ వారు అక్కడ డైనోసారు ఎముకలు తవ్వితీశారు. తొడ ఎముక ఒక్కటే 1.7 మీటర్లు, అంటే మనిషి ఎత్తు! దానికి "బారాపాసారస్" అని పేరుపెట్టారు. "బరా పా" అంటే బెంగాలీలో పెద్ద కాలు. పూర్వపు ఆదిలాబాదు జిల్లా యామన్‌పల్లి దగ్గర దొరికిన కోటాసారస్ అస్థిపంజరం హైదరాబాదు బిర్లా సైన్స్ సెంటర్లో నిలబెట్టివుంది. ఆ వూరు వెళితే తప్పక చూడండి.

ఎముకలుండగా అడుగులెందుకు అంటారా? పోచంపల్లిలో ఎముకలతో పాటు పెద్ద పెద్ద చెట్ల మొద్దులూ దొరికాయి. వరద వాటిని కొట్టుకొచ్చి ఒకచోట పడేసి వుండాలి. కనుక ఎముక దొరికిన చోటే ఆ జంతువు తిరిగిందని చెప్పలేం. అడుగు అలా కాదు. అది కొట్టుకుపోదు. జంతువు నిలబడ్డ చోటే వుంటుంది, అదీ బ్రతికివుండగా వేసినది!

అమెరికాలోని టెక్సాస్‌లో 23 పెద్ద డైనోసార్ల అడుగులు ఒకే దిక్కుగా సాగాయి. అవి మందగా తిరిగేవని అలా తెలిసింది. పాత పుస్తకాలలో డైనోసార్లు తోక నేలమీద ఈడ్చుకుంటూ నడుస్తాయి. కాని అడుగుల వెనుక తోక గీత దాదాపు ఎక్కడా లేదు. తోక పైకెత్తే నడిచేవన్నమాట! బొమ్మలు మళ్ళీ గీయవలసి వచ్చింది. మన దేశంలో రాజస్థాన్‌లోని జైసల్మేరు దగ్గర, థైయాత్‌లో, మూడు వేళ్ళ అడుగులు దొరికాయి. 2015లో వాటి వివరాలు అచ్చయ్యాయి. ఒకటి సుమారు 30 సెంటీమీటర్లు, ఇంకొకటి ఆరైనా లేదు. కోడిపుంజు పాదమంత!

1976లో అలెగ్జాండర్ అనే శాస్త్రజ్ఞుడు అడుగులనుబట్టి వేగం చెప్పే లెక్క కనిపెట్టాడు. పాదం పొడవును నాలుగుతో హెచ్చిస్తే ఉజ్జాయింపుగా నడుము దాకా కాలి ఎత్తు వస్తుంది. కుడి అడుగు నుంచి మళ్ళీ కుడి అడుగు దాకా దూరం ఆ ఎత్తుకు రెండింతలు లోపైతే నడక, మూడింతలైతే పరుగు.

బడి ఆవరణలో ఇసుక తడిపి, ఒకసారి నడిచి, ఒకసారి పరుగెత్తి, టేపుతో కొలవండి. తరువాత చెల్లాయిని పరుగెత్తించి, అడుగులు మాత్రమే చూసి ఎవరు ఎటు వెళ్ళారో చెప్పండి. బర్రెతో ఈ పరీక్ష చేయదలిస్తే మాత్రం ముందు దాని యజమాని నడగండి.