జాలి కాదు, జామీను కావాలి

పోస్టు పొడుగ్గా ఉంది, కోపంగానూ ఉంది. చివరిదాకా చదివి అప్పుడు తిట్టండి.

మొన్న ఆదివారం హాస్టల్లో పదిహేను మందిమి ఒక్క లాప్‌టాప్ ముందు కూచుని ‘ముక్తధార’ చూశాం. 2012లో నందితా రాయ్, శివప్రసాద్ ముఖర్జీ తీసిన బెంగాలీ సినిమా. నృత్యకారిణి అలకానందా రాయ్ కోల్‌కతా జైల్లో ఖైదీలకు డాన్సు నేర్పి, ఠాగూర్ ‘వాల్మీకి ప్రతిభ’ ఆడించారు. ఆ నిజం మీద అల్లిన కథ ఇది. అదే జైలు అనుభవించి, ఆ నాటకంలో వేషం కట్టిన నైజెల్ అక్కరాయే ఇందులో హీరో. సినిమా బాగుంది. నాకూ ఏడుపొచ్చింది.

ఆ తర్వాత గ్రూపులో వచ్చిన మెసేజీలే మింగుడు పడలేదు. కళ ఉంటే ఏ గోడైనా కూలుతుందంట. ఆగస్టు 9న మన థింసా జట్టుని జైలుకి తీసుకెళ్లి ఖైదీల్లో మార్పు తెద్దామంట.

ఒక్కసారి ఆలోచించండి. హీరో డాన్సుకి ఒప్పుకున్నదే పారిపోవడానికి. చివరికి పారిపోడు, మనం చప్పట్లు కొడతాం. అంటే స్వేచ్ఛ కోరుకోవడం జబ్బు, దయ దానికి మందు అన్నట్టేగా? ఠాగూర్ కథలోనూ దొంగలు అడవిలో బలికోసం చిన్నపిల్లను కట్టేస్తారు. నాయకుడి మనసు కరిగింది కాబట్టి ఆ పిల్ల బతికింది. కరగకపోతే? జాలితో వచ్చే విడుదల ఎప్పుడూ తాళం ఉన్నోడి చేతిలోనే ఉంటది.

మనకిది కొత్త కాదు. 1871లో బ్రిటిషోళ్లు జాతులకు జాతుల్నే నేరస్తులని చట్టం చేశారు. తర్వాత మన ఎరుకల వాళ్లను స్టువర్టుపురం సెటిల్‌మెంట్‌లో పెట్టి హాజరు వేయించారు. దాన్నీ సంస్కరణ అనే పిలిచారు. ఆ చట్టం 1952లో పోయింది. అనుమానం పోయిందా?

మా మేనమామ సంగతి చెప్తా. ఊళ్లో కొట్లాట కేసు. ఇరవై రోజులకే బెయిల్ వచ్చింది. కానీ ఆస్తి కాగితాలున్న ఇద్దరు జామీనుదారులు కావాలన్నారు. పోడు భూమికి పట్టా లేదు, ఇంటికి పన్ను రసీదు లేదు. మా అమ్మ, అత్త తిరగని గుమ్మం లేదు. బెయిల్ వచ్చాక కూడా నాలుగు నెలలు లోపలే ఉన్నాడు. ఆ ఏడాది ఇటుకల పండక్కి మా ఊళ్లో ఆయన తుడుము మోగలేదు. మామలో ఏ మార్పు తేవాలి చెప్పండి? ఆయనకు లేనిది మంచి మనసు కాదు, ఒక కాగితం.

“శిక్ష పడినోళ్లకి కళ మేలు చేస్తుంది కదా” అని ఒక అక్క అంది. నిజమే, కాదనను. కానీ మన దేశం జైళ్లలో ఎక్కువమంది శిక్ష పడినోళ్లు కాదు, విచారణ ఖైదీలు. వాళ్లకి ముందు కావాల్సింది లాయరు.

అది మనం అడుక్కునేది కాదు. 1987 న్యాయ సేవల చట్టం ప్రకారం ఎస్టీలకు ఆదాయంతో పని లేకుండా ఉచిత లాయరు హక్కు. 2024 జూలై 1 నుంచి అమల్లో ఉన్న నాగరిక సురక్షా సంహిత సెక్షన్ 479 ప్రకారం, మొదటిసారి కేసులో ఇరుక్కున్నోళ్లు గరిష్ఠ శిక్షలో మూడో వంతు కాలం విచారణ ఖైదీగా గడిపితే వదలాలి. ఉరి, యావజ్జీవం పడే కేసులకు, ఒకటికి మించి కేసులున్నోళ్లకు వర్తించదు. ఈ ముక్క మా ఊళ్లో ఒక్కరికీ తెలీదు. నాకే కాలేజీకొచ్చాక తెలిసింది.

కాబట్టి జైలుకి వెళ్దాం, థింసా ఆడదాం. కానీ ఎవర్నో మార్చడానికి కాదు, మనోళ్లని కలవడానికి. ఆ లోపు ప్రతి ఒక్కరూ మీ ఊళ్లో బెయిల్ వచ్చీ జామీను లేక ఆగిపోయినోళ్లు ఎవరున్నారో కనుక్కోండి. పేర్లు ఇక్కడ పెట్టొద్దు, నాకు విడిగా పంపండి. ఆ జాబితా పట్టుకుని జిల్లా న్యాయ సేవాధికార సంస్థకి నేనే వెళ్తా. నాతో ఇద్దరు కావాలి.

ఎవరొస్తారు?

జోహార్.