ఆమె సంతకం ఆమెదే



"ఆడపిల్ల పట్నం పనికి పోవాలంటే ఇంటి పెద్ద ఒప్పుకోవాల్సిందే" అని తీర్మానం చేద్దామంటున్నారు మనోళ్లే కొందరు. దళారుల నుంచి పిల్లల్ని కాపాడడానికేనట. వాళ్లు చరిత్రకారిణి సమితా సేన్ రాసింది చదవాలి.

అస్సాం తేయాకు తోటలకు ఆడవాళ్లను కూలీలుగా ఎట్లా తీసుకుపోయారో ఆమె తవ్వి తీశారు. ఛోటానాగ్‌పూర్ నుంచి ముండా, ఒరాన్ జనం వేలల్లో పోయారు. 1865 చట్టం నెలకు మగ కూలీకి 5 రూపాయలు, ఆడ కూలీకి 4 అని రాసింది. దళారుల మోసం నిజం, తోటల్లో దెబ్బలూ నిజం. మరి సర్కారు ఏం చేసింది? భర్తో, సంరక్షకుడో ఒప్పుకోకుండా ఆడమనిషి కూలి ఒప్పందం చేసుకోవద్దని 1901లో చట్టం తెచ్చింది. పారిపోయిన కూలీని వారెంటు లేకుండా పట్టుకునే అధికారం మాత్రం 1908 దాకా దొరల చేతిలోనే ఉంచింది. దొరను వదిలేసి ఆమె నోరు కట్టేశారు. ఆకలి నుంచి, కొట్టే మొగుడి నుంచి తప్పించుకునే దారి కూడా మూసేశారు.

మనమూ అదే చేద్దామా?

దళారిని నిలదీద్దాం. కూలి ఎంతో, పని ఎక్కడో కాగితం మీద రాయిద్దాం. ఆపదొస్తే ఆమె ఫోన్ చేయగానే కదిలే జట్టు కడదాం. 2006 అటవీ హక్కుల చట్టం కింద పట్టా ఆలుమగలిద్దరి పేరు మీద ఇవ్వాలి. గ్రామసభ కోరంలో మూడో వంతు ఆడవాళ్లుండాలి. వాటికోసం కొట్లాడే మనం, ఆమె బతుకు మీద ఆమె సంతకం చెల్లదంటే ఎట్లా?

జై ఆదివాసీ!