పైనుంచా, పక్కనుంచా?

కెమెరా మగవాళ్ల పని అనుకునే ఇళ్లు ఇంకా చాలానే ఉన్నాయి. బరువు మోయాలి, ఊళ్లు తిరగాలి, వేళాపాళా ఉండదు... ఈ సాకులన్నిటికీ జహీరాబాద్ దగ్గరి పస్తాపూర్ ఆడవాళ్లు ఎప్పుడో జవాబు చెప్పేశారు. దక్కన్ డెవలప్‌మెంట్ సొసైటీ సంఘాల్లోని దళిత మహిళలు వాళ్లు. చాలామంది బడి మొహం చూడలేదు. వీడియో కెమెరా నేర్చుకుని, 2001లో కమ్యూనిటీ మీడియా ట్రస్టు పెట్టుకున్నారు. బీటీ పత్తి వేసిన వరంగల్ రైతుల వెంట సీజనంతా తిరిగి 2003లో డాక్యుమెంటరీ తీశారు. హుమ్నాపూర్ లక్ష్మమ్మ లాంటివాళ్ల పేరు దేశం దాటింది.

షాట్లకు వాళ్లు పెట్టుకున్న పేర్లు వినండి. పైనుంచి కిందికి చూస్తే పటేల్ షాటు. కిందినుంచి పైకి చూస్తే బానిస షాటు. ఎదురుగా, కళ్లలోకి సమానంగా చూస్తే సంఘం షాటు! ఏ ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్ ఇంత సూటిగా చెబుతుంది?

ఇక మన హరిశ్చంద్రపురం, పలాసల సంగతి చూద్దాం. ఉద్దానం కిడ్నీ జబ్బు కోసం, 2018 తిత్లీ తుపాను కోసం కెమెరాలు వచ్చాయి, వెళ్లాయి. మంచాన పడ్డ మనిషినీ, కూలిన కొబ్బరిచెట్టునీ చూపించాయి, ఎక్కువగా పటేల్ షాటులోనే. భర్తను డయాలసిస్‌కి తీసుకెళ్లొచ్చి, మళ్లీ జీడిపిక్కల దగ్గర కూర్చుని చేతులు నల్లబరుచుకునే ఆడమనిషి అందులో ఎంతసేపు కనబడింది?

ఇప్పుడు కెమెరా ఫోన్లోనే ఉందాయె. కావలసింది నేర్పేవాళ్లు, నేర్చుకునే పదిరోజులూ కూలి పోకుండా చూసే ఏర్పాటు. పలాస, టెక్కలి కాలేజీలూ డ్వాక్రా సంఘాలూ కలిస్తే ఈ వేసవిలోనే మొదలుపెట్టొచ్చు.