డబ్బు కట్టాం... ఆట ఏదీ?

పోయిన సంక్రాంతికి తాతగారిచ్చిందీ, మేనమామ ఇచ్చిందీ కలిపి మా వాడి దగ్గర రెండువేల చిల్లర పోగయింది. తొమ్మిదో తరగతి చదువుతున్నాడు. ఏదో కంప్యూటర్ గేము పండగ డిస్కౌంటులో పదిహేనువందలకే వస్తోందని, మళ్లీ ఆ ధరకు దొరకదని వారం రోజులు నా కొంగు పట్టుకుని తిరిగాడు. డబ్బు నా చేతికిచ్చి, నా ఫోన్లోంచి కట్టమన్నాడు. వాడి డబ్బే కదా అని ఒప్పుకున్నాను. రాత్రి ఎనిమిదిన్నరకు యూపీఐ పిన్ కొట్టాను. టింగుమని బ్యాంకు మెసేజి వచ్చింది. డబ్బు పోయింది. గేము మాత్రం రాలేదు.

"ఇప్పుడొస్తుందమ్మా" అన్నాడు వాడు. పది నిమిషాలైంది, అరగంటైంది. "లైబ్రరీలోకి రావాలమ్మా, ఇంకా రాలేదు" అంటూ కంప్యూటర్ ముందునుంచి కదల్లేదు. నేను వంటింట్లో ఉండగా, మొదటిది ఫెయిలయిందనుకుని నా ఫోన్ తీసుకుని మళ్లీ కట్టేశాడు. (అమ్మ పిన్ను తెలియని పిల్లలు ఏ ఇంట్లో ఉన్నారు లెండి!) ఈసారి పోయింది గ్యాసు బండకీ, పాలవాడికీ ఉంచిన డబ్బు.

అంతే, నాకు ఒళ్లు మండిపోయింది. ఎవడో మోసగాడికి డబ్బు పంపావని అత్తయ్యగారి ముందు, మా తమ్ముడి ముందు వాణ్ణి నానా మాటలూ అన్నాను. "వస్తువు చేతికి రాకుండా డబ్బెట్లా ఇచ్చావే?" అని అత్తయ్యగారు నన్నూ అడిగారు. ఆ రాత్రి వాడు అన్నం తినలేదు.

మర్నాడు మధ్యాహ్నానికి గేము వచ్చింది. రెండోసారి కట్టిన డబ్బు నాలుగో రోజున బ్యాంకులో పడింది. ఎవరూ మోసం చేయలేదు. మా వాడు మూడు రోజులపాటు నాతో సరిగ్గా మాట్లాడలేదు. తప్పు నాదే కనుక, అసలు ఈ వ్యవహారం ఏమిటో తెలుసుకుందామని కూర్చున్నాను. తెలిసింది నలుగురితో చెప్పుకోవాలనిపించింది.

ఇప్పుడు కంప్యూటర్ గేములు చాలామటుకు డబ్బాల్లో రావు. ఇంటర్నెట్‌లో దుకాణాలున్నాయి. వాటిలో పేరున్నది స్టీమ్. అమెరికాలోని వాల్వ్ అనే కంపెనీ 2003లో మొదలుపెట్టింది. మన రూపాయల్లో ధరలు పెట్టింది 2015లో. అక్కడ పిల్లవాడి పేరిట ఒక అకౌంటు ఉంటుంది. కొన్న గేములన్నీ ఆ అకౌంటులో ఒకచోట వరసగా కనిపిస్తాయి. దాన్నే లైబ్రరీ అంటారు. లైబ్రరీలోకి వచ్చాక అక్కడినుంచి డౌన్‌లోడ్ చేసుకుని ఆడుకోవాలి. మామూలుగా డబ్బు కట్టిన నిమిషంలోనే వచ్చేస్తుంది. రానప్పుడే ఇళ్లలో గొడవలు.

మా ఇంట్లో జరిగింది అందులో మొదటి రకం. మన బ్యాంకులోంచి డబ్బు వెళ్లింది గానీ, అందినట్టు దుకాణానికి ఖబురు రాలేదు. ఖబురు అందేదాకా వాళ్లు గేము ఇవ్వరు. మన కళ్లకేమో డబ్బు పోయినట్టు కనపడుతుంది. దీనికి రిజర్వు బ్యాంకు 2019 సెప్టెంబరులోనే ఒక నియమం పెట్టిందని నాకు అప్పటిదాకా తెలీదు. యూపీఐతో దుకాణానికి కట్టినప్పుడు మన ఖాతాలో డబ్బు తగ్గి, అవతల అందినట్టు ఖరారు కాకపోతే, కట్టిన రోజు కాక అయిదు రోజుల్లోగా అది దానంతటదే వెనక్కి రావాలి. దాటితే రోజుకు వంద రూపాయల చొప్పున పరిహారం ఇవ్వాలి. కాబట్టి డబ్బు పోయి గేము రాకపోతే మళ్లీ కట్టకూడదు. ఫోన్లో ఆ చెల్లింపు తెరిచి చూస్తే పన్నెండంకెల నంబరు ఒకటి ఉంటుంది. అది కాగితం మీద రాసుకుని, దుకాణం పంపిన ఈమెయిల్ వచ్చిందో లేదో చూసి, ఆగాలి. పిల్లలకు ఆగడం చేతకాదు. మనకు మాత్రం వచ్చిందా, చెప్పండి!

రెండో రకం మరీ విచిత్రం. గేము ఇంకా తయారే కాదు, డబ్బు మాత్రం ముందే కట్టించుకుంటారు. దీన్ని ప్రీ-ఆర్డర్ అంటారు. పోలెండు దేశపు కంపెనీ ఒకటి తీసిన 'సైబర్‌పంక్ 2077' అనే ఆట సంగతి చూడండి. పెద్దవాళ్లకోసం తీసిన ఆట అది, పిల్లలకు కాదు. కానీ ఎదురుచూపులకు దానికి మించిన ఉదాహరణ లేదు. 2019 జూన్‌లో ముందస్తు అమ్మకాలు మొదలుపెట్టారు. 2020 ఏప్రిల్ 16న వస్తుందన్నారు. తర్వాత సెప్టెంబరన్నారు, నవంబరన్నారు. చివరికి డిసెంబరు 10న వచ్చింది. మొదటి రోజు డబ్బు కట్టినవాడు ఏడాదిన్నర ఎదురుచూశాడన్న మాట! తీరా వచ్చాక పాత ప్లేస్టేషన్ల మీద సరిగ్గా నడవలేదు. వారం తిరిగేసరికి సోనీ కంపెనీ దాన్ని తన దుకాణంలోంచి తీసేసి, కొన్నవాళ్లకు డబ్బు తిరిగిస్తానంది. మళ్లీ అమ్మకానికి పెట్టింది 2021 జూన్‌లో.

ఇంకో తమాషా ఉంది. ఇలాంటి పెద్ద గేములను విడుదలకు రెండు మూడు రోజుల ముందే డౌన్‌లోడ్ చేసుకోనిస్తారు. అందరూ ఒక్కసారే మీదపడితే వాళ్ల యంత్రాలు తట్టుకోలేవు కదా, అందుకని. గేము మన కంప్యూటర్లోనే ఉంటుంది, లైబ్రరీలోనూ కనపడుతుంది. తాళం మాత్రం తియ్యరు. ఆ గడియ వచ్చాకే తెరుచుకుంటుంది. ఆ గడియ ఏ దేశపు గడియారం ప్రకారమో కూడా చూసుకోవాలి. సైబర్‌పంక్‌ను కంప్యూటర్ల మీద విడుదల చేసింది గ్రీనిచ్ లెక్కన అర్ధరాత్రి. మనకప్పుడు తెల్లవారుజామున అయిదున్నర. అదే మన అర్ధరాత్రి అనుకుని మేలుకుని కూర్చున్న పిల్లలు ఎన్ని ఇళ్లలో ఉన్నారో! మర్నాడు పరీక్ష ఉంటే ఆ తల్లి సంగతి చెప్పనే అక్కర్లేదు.

మూడో రకం నన్ను నిజంగా భయపెట్టింది. డబ్బు కట్టిందీ నిజమే, గేము వచ్చిందీ నిజమే... కానీ వేరేవాళ్ల లైబ్రరీలోకి! మా వీధిలో ఒకావిడ కొడుకు అకౌంటును పెదనాన్నగారబ్బాయి తన ఈమెయిలుతో చేసి పెట్టాడు. రెండేళ్లపాటు ప్రతి పుట్టినరోజుకీ ఆవిడ డబ్బు కడుతూ వచ్చింది. ఆ అబ్బాయి ఉద్యోగమని బెంగుళూరు వెళ్లి, పాస్‌వర్డు మార్చేసి, మర్చిపోయాడు. ఈ రెండు కుటుంబాలకూ పొలం తగాదా ఉంది. ఫోన్ చేసి అడగడానికి ఈవిడకు మొహమాటం. డబ్బు ఎవరు కట్టారని దుకాణం చూడదు, అకౌంటు ఎవరిదని చూస్తుంది. ఒకరి అకౌంటు ఇంకొకరికి బదలాయించడానికి స్టీమ్ షరతులు ఒప్పుకోవు కూడా. ఇంటి పట్టా ఎవరి పేరున ఉందో, గ్యాసు కనెక్షన్ ఎవరి పేరున ఉందో ఇన్ని ఆరాలు తీస్తాం. వేలకు వేలు పోసే ఈ అకౌంటు ఎవరి ఈమెయిలు మీద ఉందో ఎంతమందిమి అడిగాం? నేనైతే అడగలేదు.

సరే, గేము మన లైబ్రరీలోకే వచ్చింది. ఇక మనదేనా?

నా చిన్నప్పుడు మా తమ్ముడికి వీడియోగేమ్ క్యాసెట్లుండేవి. టీవీకి పెట్టుకుని ఆడేవాడు. పక్కింటి పిల్లలతో మార్చుకునేవాడు, ఒకటి సగం ధరకు అమ్మేశాడు కూడా. అమ్మినవాడి షాపు మూతపడినా క్యాసెట్టు ఆడుతూనే ఉండేది. ఇప్పటి గేముకు ఆ యోగం లేదు. మనం కట్టేది వస్తువు ధర కాదు, ఆడుకోవడానికి వాళ్లిచ్చే అనుమతి ధర. అమ్ముకోలేం, మార్చుకోలేం. ఆ మాటకొస్తే లైబ్రరీ అన్న పేరు భలే కుదిరింది. లైబ్రరీ పుస్తకం మనదెప్పుడైందని!

ఇది పిల్లల ఆటల గొడవేగా అనుకోకండి. 2009లో అమెజాన్ కంపెనీ, హక్కుల తగాదా వచ్చి, జార్జి ఆర్వెల్ పుస్తకాలు రెండింటిని కొన్నవాళ్ల కిండిల్ యంత్రాల్లోంచే తీసేసింది. డబ్బు వెనక్కిచ్చింది, క్షమాపణా చెప్పింది. కథలు రాసుకునేదాన్ని కనుక నాకు ఆ సంగతి మరీ గుచ్చుకుంది. ఇంటికొచ్చి బీరువాలోంచి పుస్తకం తీసుకుపోయి, బల్ల మీద డబ్బు పెట్టి వెళ్లినట్టు లేదూ?

గేముల్లో అంతకంటే ఘోరం జరిగింది. యూబీసాఫ్ట్ అనే ఫ్రెంచి కంపెనీ 2014లో 'ది క్రూ' అనే కార్ల పందాల ఆట తెచ్చింది. ఒక్కరే ఆడుకోవాలన్నా వాళ్ల సర్వర్లతో కలిసి ఉండాల్సిందే. 2024 మార్చి 31న ఆ సర్వర్లు ఆపేశారు. ఆపైన కొన్నవాళ్ల లైసెన్సులను కూడా వెనక్కి తీసుకోవడం మొదలుపెట్టారు. డబ్బు పెట్టి కొన్న ఆట తెరవబోతే, మీకిక ప్రవేశం లేదని జవాబు. ఆడేవాళ్లు ఊరుకోలేదు. 'స్టాప్ కిల్లింగ్ గేమ్స్' పేరుతో ఉద్యమం లేవదీశారు. అమ్మిన ఆటను ఆపేసేముందు, కొన్నవాళ్లు ఆడుకోవడానికి ఏదో ఒక దారి ఉంచి వెళ్లండని వాళ్లు అడుగుతున్నారు. యూరప్‌లో ఆ వినతి మీద సంతకాలు 2025 జూలైలో పది లక్షలు దాటాయి.

అమెరికాలోని కాలిఫోర్నియా రాష్ట్రం 2024 సెప్టెంబరులో ఒక చట్టం చేసింది. 2025 జనవరి 1 నుంచి అమల్లోకి వచ్చింది. ఇస్తున్నది లైసెన్సు మాత్రమేనని కొనేవాడికి స్పష్టంగా చెప్పకుండా 'కొనండి' అనే మాట వాడకూడదని దాని సారాంశం. ఇంటర్నెట్ లేకపోయినా ఎప్పటికీ మన దగ్గరే ఉంచుకోగలిగే విధంగా ఇచ్చేవాళ్లకు ఆ నిబంధన లేదు. (అలా ఇచ్చే దుకాణాలూ ఉన్నాయి. జీవోజీ అనే దాంట్లో గేము మొత్తాన్ని దింపి మన దగ్గర దాచుకోవచ్చు.) స్టీమ్ 2024 అక్టోబరులోనే డబ్బు కట్టే చోట ఈ మాట రాసింది. అదీ ఇంగ్లీషులో, చిన్న అక్షరాల్లో.

మనకూ 2019 నాటి వినియోగదారుల రక్షణ చట్టం ఉంది, ఈ-కామర్స్ నియమాలున్నాయి. కానీ కాలిఫోర్నియా చట్టంలాగా ఈ ఒక్క ముక్కను సూటిగా చెప్పే నియమం మనకూ కావాలి. డబ్బు కట్టే మీట నొక్కే ముందు మూడు సంగతులు తెలుగులో, కంటికి ఆనే అక్షరాల్లో ఉండాలి. గేము మన గడియారం ప్రకారం ఎప్పుడు చేతికొస్తుంది, ఎవరి అకౌంటులోకి వెళుతుంది, ఎన్నాళ్లు ఉంటుందని హామీ. బిస్కెట్ పొట్లం మీద తయారీ తేదీ, గడువు తేదీ వేయించగలిగిన ప్రభుత్వానికి ఇది చేతకాని పని అనుకోను. "ఆటలకు డబ్బు తగలేయడమే తప్పు, దానికి చట్టాలు కూడానా" అన్నారు మా వారు. సినిమా టిక్కెట్టుకు రసీదు అడగమా మరి?

అందాకా మన జాగ్రత్తలో మనం ఉండాలి. స్టీమ్‌లో కొన్న పద్నాలుగు రోజుల్లోపు, రెండు గంటలకంటే తక్కువ ఆడి ఉంటే డబ్బు వెనక్కి అడగొచ్చు. 2015 నుంచీ ఉంది ఈ పద్ధతి. ప్రీ-ఆర్డర్ అయితే విడుదల కాకముందు ఎప్పుడైనా వద్దనొచ్చు. ప్లేస్టేషన్ దుకాణంలోనూ పద్నాలుగు రోజులే గానీ, డౌన్‌లోడ్ మొదలుపెడితే ఆ అవకాశం పోతుంది. ఈ ముక్క పిల్లలకు ముందే చెప్పి ఉంచాలి. దుకాణం పలక్కపోతే జాతీయ వినియోగదారుల హెల్ప్‌లైన్ 1915 ఉంది. ఎవరో 'సగం ధరకే కోడ్ ఇస్తాం' అంటూ పంపిన లింకులో డబ్బు పోతే మాత్రం ఒక్క క్షణం ఆలస్యం చేయకుండా 1930కి ఫోన్ చేయాలి. అది సైబర్ మోసాలకు.

మా ఇంట్లో ఇప్పుడు మా వాడి అకౌంటు నా ఈమెయిలు మీదికి మారింది. పాస్‌వర్డు బియ్యం డబ్బా మీదున్న చీటీల పుస్తకంలో, చివరి పేజీలో ఉంది. నా యూపీఐ పిన్ను మార్చాను. కొత్తది వాడికి తెలీదు... తెలీదనే అనుకుంటున్నాను.

మొన్న ఇంకో గేము వస్తోందని, ముందే కడితే ఏదో కొత్త రంగు కారు అదనంగా ఇస్తారని వచ్చాడు. "ఎప్పుడొస్తుందిరా?" అనడిగాను. తేదీ చూపించాడు. "ఇదివరకు ఎన్నిసార్లు మార్చారు?" అన్నాను. కాసేపు వెతికి, "రెండుసార్లమ్మా" అన్నాడు నీరసంగా. వచ్చిన రోజున కడదాంలే అన్నాను. కారు రంగు పోతుందని కాసేపు గొణిగాడు గానీ, అన్నం మాత్రం తిన్నాడు.